డిక్ లెబో, జోన్ బ్లిట్జ్: తరచుగా అడిగే ప్రశ్నలు

డిక్ లెబో ఎవరు? ముందు రెండు ముక్కల్లో చెప్పండి.

అమెరికన్ ఫుట్‌బాల్‌లో డిఫెన్స్ కోచ్. 1959లో ఆటగాడిగా ఎన్‌ఎఫ్‌ఎల్‌లోకి, అంటే ఆ ఆట ప్రొఫెషనల్ లీగ్‌లోకి వచ్చి, 2017 సీజన్ అయ్యేదాకా ఒక్క ఏడాది కూడా ఖాళీగా కూర్చోలేదు. 14 సీజన్లు ఆడారు, 45 సీజన్లు కోచింగ్ చేశారు, వెరసి 59. ఆరు సూపర్ బౌల్స్‌లో, అంటే లీగ్ ఫైనల్స్‌లో, కోచ్‌గా మైదానం పక్కన నిలబడ్డారు, రెండు గెలిచారు. ఈ ఆటలో ‘జోన్ బ్లిట్జ్’ అనే ఎత్తుగడ పేరు ఎత్తితే ఎవరికైనా మొదట గుర్తొచ్చేది ఆయనే.

నాకు ఈ ఆట బొత్తిగా తెలియదు. ఈ పేజీ అర్థం కావడానికి ఎంత తెలిస్తే చాలు?

కొంచెం చాలు. ఒక్కో జట్టు తరఫున 11 మంది మైదానంలో ఉంటారు. బంతి ఉన్న జట్టుకి 10 గజాలు ముందుకు వెళ్లడానికి నాలుగు అవకాశాలు. క్వార్టర్‌బ్యాక్ బంతి అందుకుని విసురుతాడు, లేదా పరిగెత్తేవాడి చేతికి ఇస్తాడు. అతని ముందు ఐదుగురు భారీకాయులు గోడలా నిలబడి కాపలా కాస్తారు. ఆ గోడను ఛేదించి క్వార్టర్‌బ్యాక్‌ను పడగొట్టాలని డిఫెన్స్ చూస్తుంది. అదే సమయంలో బంతి అందుకోవడానికి పరిగెత్తే రిసీవర్లనూ కాచుకోవాలి.

ఉన్నది 11 మందే. మీదికి దూకేవాళ్లు పెరిగితే వెనక కాపలా తగ్గుతుంది. డిఫెన్స్ కోచ్ తలనొప్పి మొత్తం ఈ లెక్కలోనే ఉంది. మామూలుగా నలుగురు దూకుతారు. ఐదుగురో ఆరుగురో దూకితే దాన్ని బ్లిట్జ్ అంటారు.

డిఫెన్సివ్ కోఆర్డినేటర్ అంటే హెడ్ కోచేనా?

కాదు. హెడ్ కోచ్ మొత్తం జట్టుకి పెద్ద. ఆయన కింద బంతి ఆడే ఆఫెన్స్‌కి ఒకరు, దాన్ని ఆపే డిఫెన్స్‌కి ఒకరు కోఆర్డినేటర్లు. వాళ్ల కింద డిఫెన్స్ ముందు వరసకి వెనకే నిలబడే లైన్‌బ్యాకర్లకు ఒకరు, వెనక కాపలా కాసే కార్నర్‌బ్యాక్‌లకు, సేఫ్టీలకు ఒకరు చొప్పున కోచ్‌లు ఉంటారు.

ఆదివారం మ్యాచ్ ఉంటే సోమ, మంగళవారాలు వీడియో ముందే గడిచిపోతాయి. ప్రత్యర్థి మూడో అవకాశంలో ఏం ఆడతాడు, గోల్ దగ్గర ఏం ఆడతాడు, ఏ ఫార్మేషన్‌లో పరుగు ఎక్కువ, ఏ ఫార్మేషన్‌లో పాస్ ఎక్కువ, ఇవన్నీ విడదీసి గేమ్ ప్లాన్ రాస్తారు. బుధవారం నుంచి మైదానంలో సాధన. మ్యాచ్ రోజున ప్రతి ఆటకీ ముందు కొన్ని సెకన్లలో, ఏ ఎత్తు ఆడాలో పిలుపు ఇవ్వాలి. 2008 నుంచి డిఫెన్స్‌లో ఒక ఆటగాడి హెల్మెట్‌లో రేడియో పెట్టుకోనిస్తున్నారు. వెనక ఆకుపచ్చ చుక్క ఉన్న హెల్మెట్ అదే. ఆట మొదలుపెట్టడానికి ఇచ్చే గడువు చూపే ప్లే క్లాక్‌లో 15 సెకన్లు మిగలగానే ఆ రేడియో ఆగిపోతుంది. ఆ తర్వాత కోచ్ ఎంత అరిచినా లాభం లేదు, అంతా ఆటగాళ్ల తెలివి మీదే. 2008కి ముందు ఇదంతా చేతి సైగలతోనే నడిచేది. లెబో కెరీర్‌లో ఎక్కువ భాగం ఆ సైగల కాలమే.

ఆటగాడిగా ఆయన స్థాయి ఏంటి?

కోచ్ పేరు ముందు ఇది మరుగున పడిపోయింది కానీ, చాలా పెద్ద స్థాయి. పుట్టింది 1937లో, ఒహాయో రాష్ట్రంలోని లండన్ అనే చిన్న ఊళ్లో. ఒహాయో స్టేట్ యూనివర్సిటీలో కోచ్ వుడీ హేస్ దగ్గర ఆడారు, 1957లో జాతీయ ఛాంపియన్లైన జట్టులో ఉన్నారు. 1959 డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు వంతులవారీగా కొత్త ఆటగాళ్లని ఎంచుకునే చోట, క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ ఐదో రౌండ్‌లో తీసుకుంది. తీరా శిక్షణ శిబిరంలో ఆ జట్టు కోచ్ పాల్ బ్రౌన్ ‘నువ్వు అక్కర్లేదు’ అని పంపించేశారు.

డెట్రాయిట్ లయన్స్ చేరదీసింది. అక్కడ 44 నంబర్ జెర్సీతో 14 సీజన్లు కార్నర్‌బ్యాక్‌గా ఆడారు. 62 ఇంటర్‌సెప్షన్లు, అంటే ప్రత్యర్థి విసిరిన బంతిని గాల్లోనే 62 సార్లు లాక్కున్నారు. 1972లో ఆట మానేసేనాటికి లీగ్ చరిత్రలో అది మూడో స్థానం. మధ్యలో వరసగా 171 మ్యాచ్‌లు ఒక్కటీ తప్పకుండా ఆడారు. పరిగెత్తే రిసీవర్‌ని ఒంటరిగా కాచుకునే ఉద్యోగంలో అన్నేళ్లు కాళ్లూ చేతులూ నిలబడటం మాటలు కాదు.

ఆయన కార్నర్‌బ్యాక్ అన్న సంగతి గుర్తుంచుకోండి. తర్వాత కనిపెట్టినదంతా ఓ కార్నర్‌బ్యాక్ బుర్రలో పుట్టిన ఆలోచనే అని నాకు గట్టి నమ్మకం.

రిటైర్ కాగానే కోఆర్డినేటర్ అయ్యారా?

అంత వీజీగా ఏం రాలేదు. 1973లో ఫిలడెల్ఫియా ఈగల్స్‌లో స్పెషల్ టీమ్స్ కోచ్‌గా మొదలుపెట్టారు. బంతిని కాలితో తన్నే సందర్భాలకు ఆడే దళాల్ని తయారుచేసే పని అది, కోచింగ్ నిచ్చెనలో దాదాపు అడుగు మెట్టు. 1976 నుంచి నాలుగేళ్లు గ్రీన్ బే ప్యాకర్స్‌లో వెనక వరస కోచ్. 1980లో సిన్సినాటి బెంగాల్స్‌కి అదే పని మీద వెళ్లారు. 1984లో, అంటే కోచింగ్‌లోకి వచ్చిన పదకొండేళ్లకి, మొదటిసారి డిఫెన్స్ మొత్తం చేతికి వచ్చింది.

ఇక్కడో తమాషా ఉంది. బెంగాల్స్ జట్టు స్థాపకుడు, అప్పటికీ దాన్ని నడిపిస్తున్న పెద్దమనిషి పాల్ బ్రౌన్. 1959లో ‘అక్కర్లేదు’ అన్న ఆ పాల్ బ్రౌనే.

సరే, ఈ జోన్ బ్లిట్జ్ అంటే అసలు ఏంటి?

తీరిగ్గా చెప్పుకుందాం, ఎందుకంటే మిగతా కథంతా దీని మీదే నడుస్తుంది.

1980ల్లో డిఫెన్స్ కోచ్‌లకు నిద్ర లేకుండా చేసింది బిల్ వాల్ష్ ఆఫెన్స్. శాన్ ఫ్రాన్సిస్కో 49ఎర్స్ కోచ్ ఆయన. పొట్టి పాసులు, ఠక్కున విసిరేయడం, లెక్క తప్పని రిసీవర్ల పరుగులు. ఆ పద్ధతికి పునాది పడింది కూడా సిన్సినాటిలోనే, వాల్ష్ అక్కడ అసిస్టెంట్‌గా ఉన్న రోజుల్లో. దానికి తోడు 1978లో రూల్ మారింది. ఐదు గజాలు దాటాక రిసీవర్ మీద చెయ్యి వెయ్యకూడదన్నారు. కాపలా కాసేవాళ్ల చేతులు కట్టేసినట్టయింది.

ఇలాంటి ఆఫెన్స్ మీద మామూలు బ్లిట్జ్ పనిచేయదు. ఆరుగురు దూకారనుకోండి, వెనక మిగిలేది ఐదుగురే, ఒక్కొక్కరికీ ఒక్కో రిసీవర్, సాయానికి ఎవరూ ఉండరు. క్వార్టర్‌బ్యాక్‌కి ముందే నేర్పి ఉంచుతారు: ‘ఎవడు నీ మీదికి దూకుతున్నాడో వాడు వదిలేసిన చోటు చూడు, బంతి అక్కడికే విసిరెయ్.’ విసిరేస్తాడు. ఒక్క కార్నర్‌బ్యాక్ కాలు జారినా బంతి గోల్ లైన్ దాటినట్టే, టచ్‌డౌనే. మామూలు బ్లిట్జ్ అంటే కార్నర్‌బ్యాక్‌కి మెడ మీద కత్తి. పద్నాలుగేళ్లు ఆ కత్తి కింద బతికిన మనిషి లెబో.

ఆయన వేసిన ఎత్తు ఇది. ఎడమ వైపు నుంచి ఒక లైన్‌బ్యాకర్‌నీ, వాడి పక్కన సేఫ్టీనో కార్నర్‌నో కలిపి దూకించాలి. అదే క్షణంలో కుడి వైపు ముందు వరసలో ఉన్న డిఫెన్సివ్ ఎండ్, నూట ముప్పై కిలోల మనిషి, దూకబోతున్నట్టు ఒక అడుగు వేసి, గిరుక్కున వెనక్కి తగ్గి మధ్యలో ఖాళీ చోట నిలబడాలి. దూకింది ఐదుగురే. మధ్యలో ముగ్గురు, వెనక లోతున ముగ్గురు. ఈ ఆరుగురూ ఒక్కో రిసీవర్ వెంట పడరు, ఒక్కో జాగా కాస్తారు. అందుకే ‘జోన్’.

ఇప్పుడు క్వార్టర్‌బ్యాక్ వైపు నుంచి చూడండి. ఎడమ నుంచి ఇద్దరు దూసుకొస్తున్నారు, వాళ్లని ఆపడానికి అక్కడ ఒక్కడే ఉన్నాడు. కుడి వైపు కాపలాదారుడికి ఎదురుగా మనిషే లేడు, గాలిని నెట్టుకుంటూ నిలబడ్డాడు. అవతలివాళ్లు దూకించినది మామూలు కంటే ఒక్కణ్ణి ఎక్కువ, అయినా తనకు మాత్రం ఇల్లంతా కూలిపోతున్నట్టు అనిపిస్తుంది. కంగారులో నేర్చుకున్న పాఠం ప్రకారం మధ్యలో ఖాళీ అయిన చోటికి విసురుతాడు. అక్కడ, ఉండకూడని చోట, ఆ నూట ముప్పై కిలోల మనిషి చేతులు పైకెత్తి నిలబడి ఉంటాడు.

క్రికెట్ భాషలో గూగ్లీ. రనప్ అదే, చెయ్యి అదే, బంతి మాత్రం అటు తిరుగుతుంది.

దీన్ని పూర్తిగా ఆయనే కనిపెట్టారా?

ఒక్క మనిషికి మొత్తం క్రెడిట్ ఇవ్వడం సరికాదు. 1970ల్లో మయామీ డాల్ఫిన్స్ డిఫెన్స్‌ని నడిపిన బిల్ ఆర్న్స్‌పార్గర్ ముందు వరస మనుషుల్ని వెనక్కి దింపే పద్ధతుల్ని అప్పటికే వాడారు. ఆయన ఎల్‌ఎస్‌యూలో (లూసియానా స్టేట్ యూనివర్సిటీ) కోచ్‌గా ఉన్నప్పుడు లెబో వెళ్లి కలిశారు. ఆర్న్స్‌పార్గర్ ‘సేఫ్ ప్రెషర్’ అనేవారు, అంటే ఒత్తిడి ఉండాలి కానీ కొంప మునగకూడదు. లెబోకి కావలసింది అదే. తిరుగు ప్రయాణంలో విమానంలో ఇచ్చిన నాప్‌కిన్ల మీద బొమ్మలు గీసుకుంటూ వచ్చారని ఆ తర్వాత అందరూ చెప్పుకునే కథ.

విత్తనం ఆర్న్స్‌పార్గర్‌ది, పంట లెబోది అంటాను. ఒకటో రెండో ట్రిక్ ఆటలుగా ఉన్నదాన్ని ఏ ఫార్మేషన్ నుంచైనా, ఎవరు ఎటు నుంచైనా దూకేలా ఒక పూర్తి వ్యవస్థగా మార్చినది ఆయనే. సిన్సినాటిలో డేవిడ్ ఫుల్చర్ అనే సేఫ్టీ దొరకడం కూడా కలిసొచ్చింది. లైన్‌బ్యాకర్ అంత ఒళ్లు, సేఫ్టీ అంత వేగం. ఎక్కడ నిలబెట్టినా ఇమిడిపోయేవాడు.

మరి వాల్ష్ మీద అది పనిచేసిందా?

దాదాపు. 1989 జనవరిలో సూపర్ బౌల్ 23, బెంగాల్స్‌కీ 49ఎర్స్‌కీ మధ్య. నాలుగో క్వార్టర్ మొదట్లో 49ఎర్స్ క్వార్టర్‌బ్యాక్ జో మోంటానా విసిరిన బంతి నేరుగా బెంగాల్స్ కార్నర్‌బ్యాక్ లూయిస్ బిలప్స్ చేతుల్లోకి, గోల్ లైన్ అవతలే, వచ్చి పడింది. జారవిడిచాడు. మరుసటి ఆటలోనే జెర్రీ రైస్ టచ్‌డౌన్.

అయినా మూడు నిమిషాలు మిగిలేసరికి బెంగాల్స్ 16-13తో ముందుంది. 49ఎర్స్ తమ 8 గజాల గీత దగ్గర, ఎదురుగా 92 గజాలు. మోంటానా 11 ఆటల్లో ఆ దూరం దాటించాడు. 34 సెకన్లు ఉండగా జాన్ టేలర్‌కి టచ్‌డౌన్ పాస్, 20-16. లీగ్‌లో గొప్ప ఆఫెన్స్‌లలో ఒకదాన్ని మూడున్నర క్వార్టర్ల పాటు 13 పాయింట్ల దగ్గర కట్టిపడేసిన డిఫెన్స్ అది. కానీ జనం గుర్తుంచుకున్నది ఆ ఆఖరి మూడు నిమిషాలే.

పిట్స్‌బర్గ్‌తో సంబంధం ఎలా మొదలైంది?

పిట్స్‌బర్గ్ అనగానే మనవాళ్లలో చాలామందికి పెన్ హిల్స్ దగ్గరి వెంకన్న గుడి గుర్తొస్తుంది. ఆ ఊరి జనానికి మాత్రం స్టీలర్స్ జట్టే గుడి. 1992లో బిల్ కౌవర్ కొత్త హెడ్ కోచ్‌గా వచ్చి, డామ్ కేపర్స్‌ని కోఆర్డినేటర్‌గా, లెబోని వెనక వరస కోచ్‌గా తీసుకున్నారు. కెవిన్ గ్రీన్, గ్రెగ్ లాయిడ్ అటూ ఇటూ నుంచి దూకుతుంటే, రాడ్ వుడ్సన్ వెనక కాపలా. ఊరికి ‘బ్లిట్జ్‌బర్గ్’ అని పేరు పడింది.

1995లో కేపర్స్ కొత్తగా పుట్టిన కెరొలైనా జట్టుకి హెడ్ కోచ్‌గా వెళ్లడంతో లెబో కోఆర్డినేటర్ అయ్యారు. ఆ సీజన్ మొదటి మ్యాచ్‌లోనే వుడ్సన్ మోకాలు చిట్లింది. సేఫ్టీగా ఆడే కార్నెల్ లేక్‌ని సీజన్ మధ్యలో కార్నర్‌బ్యాక్‌గా మార్చి నెట్టుకొచ్చారు. సూపర్ బౌల్ దాకా వెళ్లి డల్లాస్ చేతిలో 27-17తో ఓడారు. ఆ ఓటమిని డిఫెన్స్ ఖాతాలో రాయడం అన్యాయం. డల్లాస్ కార్నర్‌బ్యాక్ లారీ బ్రౌన్ రెండు సార్లు పిట్స్‌బర్గ్ పాసుల్ని లాక్కుని మ్యాచ్ తిప్పేశాడు.

హెడ్ కోచ్‌గా ఎందుకు ఫెయిలయ్యారు?

మెయిల్స్‌లో ఎక్కువగా వచ్చే ప్రశ్న. కొందరు ఎగతాళిగా కూడా అడుగుతారు.

1997లో మళ్లీ సిన్సినాటికి వెళ్లారు. 2000 సీజన్ మొదట్లో, మూడు మ్యాచ్‌లు వరసగా ఓడాక, హెడ్ కోచ్ బ్రూస్ కాస్లెట్ రాజీనామా చేశారు. జట్టు పగ్గాలు లెబోకి ఇచ్చారు. 63 ఏళ్ల వయసులో మొదటి హెడ్ కోచ్ అవకాశం. ఆ ఏడాది మిగిలిన 13 మ్యాచ్‌ల్లో 4 గెలుపులు, 2001లో 6, 2002లో 2. మొత్తం 12 గెలుపులు, 33 ఓటములు. ఉద్యోగం పోయింది.

జట్టు పరిస్థితి ఘోరంగా ఉన్న మాట నిజం. 1990 సీజన్ తర్వాత అప్పటిదాకా బెంగాల్స్ ప్లేఆఫ్స్ (నాకౌట్ దశ) ముఖం చూడలేదు. 1999 డ్రాఫ్ట్‌లో మూడో పిక్ పెట్టి తెచ్చుకున్న క్వార్టర్‌బ్యాక్ అకీలి స్మిత్ నిలబడలేదు. ఒకే ఒక్క వెలుగు కోరీ డిల్లన్, 2000 అక్టోబర్‌లో డెన్వర్ మీద ఒక్క మ్యాచ్‌లో 278 గజాలు పరిగెత్తాడు, అప్పటికి లీగ్ రికార్డు. ఆ సీజన్‌లో జట్టుకి అదే మొదటి గెలుపు.

అయినా అంతా జట్టు మీదికే నెట్టేయలేం. హెడ్ కోచ్ అంటే క్వార్టర్‌బ్యాక్‌ని ఎంచుకోవడం, యజమానితో బేరాలాడటం, అవసరమైతే గట్టిగా వద్దనడం. లెబోకి ఇష్టమైన గది అది కాదు. ఆయనకు కావలసింది ఒక ప్రొజెక్టర్, పదకొండు మంది మనుషులు. మంచి డిఫెన్స్ కోచ్‌ని పట్టుకొచ్చి హెడ్ కోచ్ కుర్చీలో కూర్చోబెట్టి, అక్కడ సరిగ్గా చేయలేదని పనికిరానివాడనడం లీగ్‌కి పాత అలవాటు. బిల్ బెలిచిక్ కూడా క్లీవ్‌లాండ్‌లో హెడ్ కోచ్‌గా 36 గెలిచి 44 ఓడారు. ఆయనకి రెండో అవకాశం దొరికింది. లెబోకి దొరకలేదు, అప్పటికే 65 ఏళ్లు.

ఆయన స్థానంలో బెంగాల్స్ తెచ్చుకున్నది మార్విన్ లూయిస్‌ని. 1990ల్లో పిట్స్‌బర్గ్‌లో లెబో పక్క గదిలో లైన్‌బ్యాకర్ల కోచ్‌గా పనిచేసినవాడు.

ఆ తర్వాత ఇంట్లో కూర్చోవచ్చు కదా?

కూర్చోలేదు. 2003లో బఫలో బిల్స్‌లో అసిస్టెంట్. 2004లో కౌవర్ మళ్లీ పిట్స్‌బర్గ్ పిలిచి డిఫెన్స్ అప్పగించారు. అక్కడి నుంచి 2014 దాకా నడిచినదే ఆయన అసలు కెరీర్ అనుకోవచ్చు, మొదలయ్యేనాటికి 66 నిండాయి.

2005 సీజన్ ప్లేఆఫ్స్‌లో ఇండియానాపొలిస్ వెళ్లి పేటన్ మానింగ్‌ని ఐదు సార్లు పడగొట్టి 21-18తో గెలిచారు. ఆట మొదలుకాకముందే అవతలి డిఫెన్స్ గుట్టు విప్పి చెప్పగల క్వార్టర్‌బ్యాక్ మానింగ్. ఆ రోజు మాత్రం లైన్ దగ్గర చేతులూపుతూ, మారుస్తూ, మళ్లీ మారుస్తూ నానా తంటాలు పడ్డాడు. నెల తిరక్కుండా 2006 ఫిబ్రవరిలో సియాటిల్ మీద 21-10తో సూపర్ బౌల్ 40. లెబోకి కోచ్‌గా మొదటి ఛాంపియన్ ఉంగరం. మ్యాచ్ జరిగింది డెట్రాయిట్‌లో, ఆయన పద్నాలుగేళ్లు ఆడిన ఊళ్లో.

2007లో కౌవర్ తప్పుకుని, హెడ్ కోచ్‌గా మైక్ టామ్లిన్ వచ్చారు. టామ్లిన్ తనూ డిఫెన్స్ కోచే, వేరే పద్ధతిలో పెరిగినవాడు. కొత్త పెద్ద వస్తే పాత మనుషుల్ని సర్దేయడం మామూలే, టామ్లిన్ లెబో జోలికి వెళ్లలేదు. ఫలితం 2008 డిఫెన్స్: 16 మ్యాచ్‌ల్లో ఇచ్చింది 223 పాయింట్లే, పాయింట్లలోనూ గజాల్లోనూ లీగ్‌లో మొదటి స్థానం.

స్టీలర్స్ లైన్‌బ్యాకర్ జేమ్స్ హారిసన్ సూపర్ బౌల్‌లో చేసిన 100 గజాల పరుగు ఆయన వేసిన ప్లానేనా?

సగం ఆయనది, సగం హారిసన్‌ది.

2009 ఫిబ్రవరి, టాంపాలో అరిజోనాతో సూపర్ బౌల్ 43. మొదటి సగం ముగియడానికి 18 సెకన్లు. పిట్స్‌బర్గ్ 10-7తో ముందుంది, అరిజోనా గోల్ లైన్ ముంగిట్లో ఉంది. పిలుపు బ్లిట్జ్. హారిసన్ దూకాలి. బంతి త్వరగా బయటపడుతుందని అతనికి అనిపించింది. దూకుతున్నట్టు ఒక అడుగు వేసి, ఆగి, పక్కకి జారాడు. అరిజోనా క్వార్టర్‌బ్యాక్ కర్ట్ వార్నర్ కళ్లకి హారిసన్ ఆనలేదు, యాంక్వాన్ బోల్డిన్ కోసం విసిరాడు. బంతి హారిసన్ గుండెల మీదికి వచ్చింది. అటు చివరి దాకా 100 గజాలు, అంత ఒళ్లేసుకుని, అవతలివాళ్లు మీద పడుతుంటే పరిగెత్తాడు. టచ్‌డౌన్. గడియారం సున్నా. 14-10తో వెనకబడాల్సిన జట్టు 17-7తో లోపలికి వెళ్లింది. హారిసన్ అక్కడే నేల మీద పడి, లేవడానికి శక్తి లేక రొప్పుతూ ఉండిపోయాడు.

పిలుపుకి ఎదురు వెళ్లాడు కదా, మరి లెబో క్రెడిట్ ఏంటి అంటారా? దూకినట్టు నటించి వెనక్కి తగ్గడమే ఆ డిఫెన్స్‌కి మాతృభాష. ఏళ్ల తరబడి అదే సాధన చేసిన మనిషికి కాళ్లు వాటంతట అవే అటు వెళ్లాయి. పైగా హారిసన్ డ్రాఫ్ట్‌లో ఎవరూ ఎంచుకోని ఆటగాడు, పలుమార్లు జట్టు నుంచి తీసేసినవాడు. 2008లో లీగ్ ఉత్తమ డిఫెన్స్ ఆటగాడయ్యాడు.

అదే మ్యాచ్ నాలుగో క్వార్టర్‌లో ఈ డిఫెన్స్ 20-7 ఆధిక్యాన్ని పోగొట్టుకుని 23-20తో వెనకబడింది. లారీ ఫిట్జ్‌జెరల్డ్ నట్టనడి మధ్య నుంచి 64 గజాలు పరిగెత్తాడు. శాంటోనియో హోమ్స్ ఆఖర్లో మూలన పట్టిన బంతే 27-23తో కాపాడింది. అభిమానులు ఈ భాగం చెప్పడం మర్చిపోతుంటారు.

స్టీలర్స్ సేఫ్టీ ట్రాయ్ పొలమాలుకి నిజంగా ఎక్కడికైనా వెళ్లే స్వేచ్ఛ ఉండేదా?

చాలావరకు. లైన్ మీదినుంచి గెంతి క్వార్టర్‌బ్యాక్ మీద పడటం చూసి జనం జూదం అనుకునేవారు. 2010లో టెనెసీ మీద గోల్ లైన్ దగ్గర కెర్రీ కాలిన్స్‌ని అలాగే పట్టుకున్నాడు, బంతి కదిలిన క్షణానికి గాల్లో ఉన్నాడు. ఆ స్వేచ్ఛ వెనక, అతను వదిలేసిన జాగా కాయడానికి ర్యాన్ క్లార్క్ అనే ఇంకో సేఫ్టీ ఉండేవాడు. ఆ ఏడాది పొలమాలు లీగ్ ఉత్తమ డిఫెన్స్ ఆటగాడు. జట్టు మళ్లీ సూపర్ బౌల్‌కి వెళ్లి, గ్రీన్ బే చేతిలో 31-25తో ఓడింది. అవతల గ్రీన్ బే డిఫెన్స్‌ని నడిపినది ఎవరనుకున్నారు? డామ్ కేపర్స్. ఆ రోజు రెండు వైపులా ఒకే బడి పాఠం.

ఈ డిఫెన్స్‌ని ఎలా కొట్టారు?

దారులున్నాయి. భారీకాయుణ్ణి వెనక్కి దింపితే, చురుకైన రిసీవర్ ఎదురైనప్పుడు అతను తేలిపోతాడు. రిసీవర్లని మైదానం అడ్డంగా పరిచి, దూకేవాడు చేరేలోపు బంతి వదిలేస్తే నటనకి సమయమే ఉండదు. క్వార్టర్‌బ్యాక్ టామ్ బ్రేడీ ఈ పని కసిగా చేసేవాడు. 2013 నవంబర్‌లో అతని న్యూ ఇంగ్లండ్ జట్టు 55 పాయింట్లు కొట్టింది. స్టీలర్స్ చరిత్రలో ఒక మ్యాచ్‌లో అంతకుముందెప్పుడూ అన్ని ఇవ్వలేదు.

అంతకంటే నొప్పించినది 2012 జనవరి, డెన్వర్‌లో. డెన్వర్ క్వార్టర్‌బ్యాక్ టిమ్ టీబో పాసింగ్‌లో గురి లేనివాడని లీగ్ అంతా నమ్మకం. పరుగు ఆపుదామని పిట్స్‌బర్గ్ మనుషుల్ని ముందుకి లాగింది. సికిల్ సెల్ లక్షణం వల్ల అంత ఎత్తున ఉన్న ఊళ్లో ఆడటం ప్రాణానికే ముప్పని క్లార్క్‌ని పక్కన కూర్చోబెట్టారు. టీబో పది పాసులతోనే 316 గజాలు లాగాడు. ఓవర్‌టైమ్ మొదటి ఆటలోనే డిమేరియస్ థామస్‌కి 80 గజాల టచ్‌డౌన్, 29-23. ఆ సీజన్‌లో గజాల లెక్కన నంబర్ వన్ డిఫెన్స్ పిట్స్‌బర్గ్‌దే.

ఆటగాళ్ల మీద అరిచేవారా?

అరుపులకి దూరం. ఆటగాళ్లు ‘కోచ్ డాడ్’ అని పిలుచుకునేవారు. ఏటా క్రిస్మస్ ముందు జట్టు మీటింగ్‌లో చిన్నపిల్లల క్రిస్మస్ పద్యం ఒకటి కాగితం చూడకుండా మొత్తం అప్పజెప్పేవారు. కోట్ల డాలర్లు సంపాదించే మనుషులు, మనుషుల్ని కుదేసే ఉద్యోగం, చెవులప్పగించి వినేవాళ్లు.

ఈ ఆట దిగ్గజాలకు చోటిచ్చే హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆయన కోచ్‌గా చేరారా?

ఆటగాడిగానే. అదీ 2010లో, ఆట మానేసిన 38 ఏళ్లకి. జీవితమంతా అసిస్టెంట్‌గా ఉన్నవాళ్లకి ఆ తలుపు తెరుచుకునేది కాదు. అందుకే డెట్రాయిట్ రోజుల 62 ఇంటర్‌సెప్షన్లని చూపించి, సీనియర్ల కోటాలో లోపలికి పంపారు.

ఆటగాళ్లే ముందు గొడవ మొదలుపెట్టారు. 2007లో హాల్ ఆఫ్ ఫేమ్ ఉన్న క్యాంటన్‌లో మ్యాచ్ ఆడటానికి వెళ్తూ స్టీలర్స్ మనుషులు లయన్స్ 44 నంబర్ జెర్సీలు తొడుక్కున్నారు. తమకి ఏ సంబంధమూ లేని జట్టు జెర్సీ. మూడేళ్ల తర్వాత ఆ రోజు రాగానే టామ్లిన్ శిక్షణ శిబిరం నుంచి జట్టు మొత్తాన్ని క్యాంటన్‌కి తీసుకెళ్లారు.

సినిమాల్లో చేశారని విన్నాను. నిజమా?

నిజమే. 1960ల చివర్లో, ఆడుతున్న రోజుల్లోనే, ఒక యుద్ధ చిత్రంలో నటుడు మైకేల్ కెయిన్‌కి డూప్‌గా చేశారు.

పిట్స్‌బర్గ్ ఎందుకు వదిలారు? ఎప్పుడు ఆపారు?

2014 నాటికి ఆ డిఫెన్స్ ముసలిదైపోయింది. పొలమాలు ఆఖరి సీజన్, ఆట మానేసిన హారిసన్‌ని మళ్లీ పిలిపించుకునే పరిస్థితి. 2015 జనవరిలో లెబో తప్పుకున్నారు, రిటైర్మెంట్ మాత్రం కాదని తేల్చి చెప్పారు. ఆయన కింద లైన్‌బ్యాకర్ల కోచ్‌గా ఉన్న కీత్ బట్లర్‌కి ఆ కుర్చీ దక్కింది.

77 ఏళ్ల మనిషికి ఉద్యోగం ఎవరిస్తారు? టెనెసీ టైటన్స్ ఇచ్చింది. అక్కడ హెడ్ కోచ్ కెన్ విజెన్‌హంట్, 2005లో పిట్స్‌బర్గ్‌లో ఆఫెన్స్ నడిపినవాడు, 2009 సూపర్ బౌల్‌లో అరిజోనా కోచ్‌గా హారిసన్ పరుగుని కళ్లారా చూసినవాడు. ఆ సీజన్ మధ్యలోనే విజెన్‌హంట్ ఉద్యోగం పోయింది, లెబో ఉండిపోయారు. 2017 సీజన్‌లో టైటన్స్ కాన్సస్ సిటీలో 21-3 వెనకబడి 22-21తో ప్లేఆఫ్ మ్యాచ్ గెలిచింది. మరుసటి వారం న్యూ ఇంగ్లండ్‌లో 35-14తో ఓడింది, అవతల మళ్లీ బ్రేడీయే. కోచింగ్ బృందం మొత్తం మారింది. అప్పటికి ఆయనకి 80.

ఇప్పటి మ్యాచ్‌ల్లో జోన్ బ్లిట్జ్‌ని ఎలా గుర్తుపట్టాలి?

టీవీలో కెమెరా బంతి వెంట వెళ్తుంది కాబట్టి లైవ్‌లో కష్టం, రీప్లేలో సులువు. ఈ ఆదివారం మూడో అవకాశం, ఏడెనిమిది గజాలు కావలసిన సందర్భం వచ్చినప్పుడు బంతిని వదిలేసి ముందు వరస చివర ఉన్న పెద్ద మనిషి కాళ్లు చూడండి. ముందుకి కాక వెనక్కి అడుగులు వేస్తే, వెంటనే అవతలి కొస చూడండి, అక్కడి నుంచి ఎవరో చిన్నవాడు దూకుతుంటాడు. ఈ మధ్య చాలా జట్లు ఐదుగురిని కూడా దూకించట్లేదు. నలుగురితోనే, కాకపోతే ఎదుటివాళ్లు ఊహించని నలుగురితో, ఇదే నాటకం ఆడుతున్నాయి. కాలేజీ జట్ల ప్లేబుక్కుల్లోనూ ఇది మామూలైపోయింది. హైస్కూల్లో ఫుట్‌బాల్ ఆడే అబ్బాయి మీ ఇంట్లో ఉంటే వాణ్ణే అడగండి, మూడు వెనక, మూడు మధ్యలో అంటూ పెన్ను తీసుకుని గీసి చూపిస్తాడు.